నాన్న చేత నాన్న వేషం వేయిస్తున్నా, ఇది డాక్యుమెంటరీ కిందకొస్తుందా?

ఆరిలోవ_సుజి | శుక్రవారం రాత్రి 11:40

నమస్తే అందరికీ. ఏడాది నుంచి ఇక్కడ చదువుకుని వెళ్ళిపోవడమే గానీ రాసింది లేదు, ఇవాళ బుర్ర పనిచెయ్యక రాస్తున్నా, పెద్దదైపోతే తిట్టుకోకండి.

సొంతంగా ఒక సినిమా తీస్తున్నా. నిర్మాత నేనే, కెమెరా నా ఫ్రెండు, లైట్లు మా ఇంట్లో ట్యూబ్‌లైట్లు. విషయం హుద్‌హుద్. తుఫాను మొత్తం కాదు, మా ఇంట్లో ఆ ఒక్క రోజు, 2014 అక్టోబర్ 12 ఆదివారం. వైజాగ్ ఆరిలోవలో కొండ వారగా మాది సిమెంటు రేకుల ఇల్లు. పొద్దున్న గాలి ముందు తలుపు మీదకొచ్చింది, నాన్నా చిన్నాన్నా వీపులు ఆనించి తలుపు పట్టుకున్నారు. మధ్యాహ్నం ఒక్కసారిగా గాలాగిపోయింది, అయిపోయిందనుకుని అందరూ వీధిలోకి వచ్చీసారు, ఎవరో పాల పేకెట్ల కోసం కూడా వెళ్ళారట. అది తుఫాను కన్ను అని ఎవడికి తెలుసు. కాసేపటికి అటు వైపు నుంచి, వెనక తలుపు మీదకి మొదలైంది. మళ్ళీ ఇద్దరూ వెనక్కి పరిగెత్తారు. పొద్దున్నుంచి సాయంత్రం దాకా ఆ రెండు తలుపుల మధ్యే గడిచిందన్నమాట.

నేనప్పుడు హైదరాబాద్‌లో ఉన్నా. మూడు రోజులు ఫోన్ కలవలేదు. టీవీలో ఎయిర్‌పోర్టు పైకప్పు ఎగిరిపోయింది చూపిస్తుంటే, అంత దానికే దిక్కులేదు మా రేకులెంత అనుకుంటూ హాస్టల్ మెట్ల మీద కూచున్నా. ఇంట్లో అందరి దగ్గరా ఆ రోజు ఉంది, నా దగ్గర లేదు. అందుకే తీస్తున్నాననుకుంటా.

చిన్నాన్న 2021లో పోయాడు. నాన్నని కుర్చీలో కూచోబెట్టి అడిగితే "ఏటుంది, గాలొచ్చింది, తలుపట్టుకున్నాం, ఎల్లిపోనాది" అంతే. రెండు గంటల ఫుటేజీలో నాలుగు నిమిషాలు కూడా పనికిరాదు. అందుకని మొన్నాదివారం "పోనీ ఎలా పట్టుకున్నావో చేసి చూపించు నాన్నా" అన్నా. చిన్నాన్న ప్లేసులో మా అత్త కొడుకుని నిలబెట్టాం. మొదటి రెండు టేకులూ నాన్న ఫుల్లు సినిమా హీరో, పళ్ళు బిగించి కళ్ళు పెద్దవి చేసి, మాకు నవ్వాగలేదు. నాలుగో టేకులో ఏమైందో తెలీదు, మొహంలో ఏమీ లేదు, ఎడం కాలు వెనక్కి జరిపి మడమని గడపకి తన్నిపెట్టాడు, చెయ్యి పక్కకి చాపి బావ నెత్తి మీద పెట్టి కిందకి నొక్కుతూ "ఒరే సిన్నోడా, కిందికుండు, రేకెగిరొస్తాది" అన్నాడు. సిన్నోడంటే చిన్నాన్న. బావకి ఏం చెయ్యాలో తెలీక నిజంగానే కూలబడిపోయాడు.

ఇప్పుడు నా బాధ ఏంటంటే ఇలా చేయించి తీసినదాన్ని డాక్యుమెంటరీ అని చెప్పుకోవచ్చా, లేక నటన కాబట్టి షార్ట్‌ఫిల్మ్ అనాలా. ఇంకోటి, వెనక తలుపు సీనులో నాన్న తప్పు చేస్తున్నాడు. గెడ ఉన్న వైపు కాకుండా బందులున్న వైపు చెయ్యి పెట్టి తడుముతున్నాడు, ఒక టేకులో కాదు, ప్రతి టేకులోనూ. 66 ఏళ్ళు, ముందు తలుపూ వెనక తలుపూ కలిపేసుకుంటున్నాడేమో. ఆ ముక్క కట్ చెయ్యనా, సరిగ్గా చెప్పి మళ్ళీ చేయించనా?

బీచ్‌రోడ్_బాబు | శుక్రవారం రాత్రి 11:52

టీవీలో రాత్రి పదింటికి క్రైమ్ ప్రోగ్రాములొస్తాయి చూడక్కా, కింద "చిత్రీకరణ" అని వేసి ఇద్దరు జూనియర్ ఆర్టిస్టులు కత్తులతో పరిగెడతారు. నువ్వు తీసేది అదే, ఆర్టిస్టు ఖర్చు మిగిలింది అంతే 😀

ఎడిటింగ్_టేబుల్ | శనివారం తెల్లవారుజాము 1:15

బాబూ, తేడా చాలా ఉంది. క్రైమ్ షోలో వాడికి ఆ సంఘటనతో సంబంధం లేదు, కాల్షీటు అయిపోగానే ఇంటికెళ్ళిపోతాడు. ఇక్కడ చేసేవాడు అనుభవించినవాడే.

సుజి గారూ, ఈ గొడవ మీతో మొదలవ్వలేదు. డాక్యుమెంటరీకి తాతలాంటివాడని అందరూ చెప్పుకునే ఫ్లాహర్టీ 1922లో ఎస్కిమోల మీద తీసిన 'నానూక్ ఆఫ్ ద నార్త్'లో ఇగ్లూ లోపల వెలుతురు చాలక సగం కోసేసిన ఇగ్లూ కట్టించాడు, అప్పటికే వాళ్ళు తుపాకులు వాడుతున్నా కెమెరా కోసం పాతకాలం ఈటెలతో వేటాడించాడు. చూసేవాళ్ళకి ఆ సంగతి చెప్పలేదు. నాకు అక్కడే పేచీ, చేయించినందుకు కాదు, చేయించినట్టు దాచినందుకు.

అదే ఇరాన్‌లో కియరొస్తామీ 1990లో 'క్లోజప్' తీసాడు. ఒకడు ఫలానా డైరెక్టర్ని నేనేనని చెప్పి ఒక కుటుంబాన్ని నమ్మించి వాళ్ళింట్లో తిరిగాడు, కేసైంది. కియరొస్తామీ కోర్టులోకి కెమెరా తీసుకెళ్ళి విచారణ తీసాడు, తర్వాత ఆ మోసం చేసినవాడూ మోసపోయిన కుటుంబమూ అందరి చేతా వాళ్ళ పాత్రలు వాళ్ళ చేతే మళ్ళీ చేయించాడు. ఆలోచించండి, మోసపోయినవాళ్ళు మోసపోవడాన్ని నటించాలి! ఎంత సిగ్గుగా ఉంటుంది. ఆ సిగ్గు తెర మీద కనిపిస్తుంది, అది ఏ నటుడూ చెయ్యలేడు.

కాబట్టి పేరేం పెట్టుకోవాలని కంగారు పడకండి. మొదటి రెండు టేకులు, మీరు నవ్విన నవ్వుతో సహా, సినిమాలో ఉంచండి. అప్పుడు చూసేవాడికి ఇది చేయించినదని తెలుస్తుంది, తెలిసాక కూడా నాలుగో టేకు పట్టేస్తుంది. నాలుగోది ఒక్కటే పెడితే మీరు అబద్ధం చెప్పినట్టు.

సౌండ్_సత్తి | శనివారం ఉదయం 7:30

ట్యూబ్‌లైట్ల కింద తీస్తున్నారా, షట్టర్ ఎంత పెట్టారు? మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి 25 ఫ్రేములు, షట్టర్ 1/50 పెట్టకపోతే చారలు కొడుతుంది, ఎడిటింగ్‌లో ఏడుస్తారు. అది చూసుకుని తర్వాత సత్యం గురించి మాట్లాడుకోండి.

ఆరిలోవ_సుజి | శనివారం ఉదయం 8:05

సత్తి గారూ 24 ఫ్రేముల్లో 1/48 పెట్టాం, సినిమా లుక్ వస్తుందని 😭 రెండు టేకుల్లో చారలున్నాయి. నాలుగో టేకు పగలు తీసాం, బతికిపోయాం.

నాటకాల_మాస్టారు | శనివారం ఉదయం 9:20

అమ్మా సుజీ, నాకు సినిమా సంగతులు అంతగా తెలియవు, నలభై ఏళ్ళు పరిషత్తు నాటకాలు వేసినవాణ్ణి. ఎస్కిమోలూ ఇరానూ దాకా ఎందుకు, మన బుర్రకథ చూడు. కథకుడు నడుస్తూ నడుస్తూ అల్లూరి సీతారామరాజు అయిపోతాడు, కత్తి దూస్తాడు, మరుక్షణం బయటికొచ్చి "అప్పుడేమైందంటే" అంటాడు. పక్కనున్న హాస్యగాడు "అంతేనంటావా, నిజమేనా" అని అడ్డు తగులుతాడు. ఇటు రాజకీయం చెప్పేవాడు ఇవాళ్టి సంగతి కలుపుతాడు. చెప్పడం, చేసి చూపడం, చేసినదాన్ని నిలదియ్యడం, మూడూ ఒకే అరుగు మీద జరుగుతాయి. తూర్పు భాగోతంలో సత్యభామ వేషగాడు కూడా తానెవరో తానే పాడి చెప్పుకుని గాని కథలోకి దిగడు. మన జనానికి ఇది కొత్త కాదు, వాళ్ళు తికమక పడరు.

నాకొక సందేహం. మీ నాన్న చేస్తుంటే అడ్డు తగిలేవాళ్ళెవరూ లేరా?

ఆరిలోవ_సుజి | శనివారం ఉదయం 9:41

మాస్టారూ మీరడిగారు కాబట్టి చెప్తున్నా, ఉంది, మా అమ్మ! వంటింట్లోంచి ఒకటే గోల. "అలా కాదు, అప్పుడు నువ్వు సుబ్బరంగా ఏడ్సావు" "గాలి ఆగినప్పుడు నువ్వేగా పాలకెల్తానన్నావు, ఎవరో అంటావేటి" అని. టేకు పాడవుతోందని ఆవిణ్ణి పక్కింటికి పంపించీసాం. పంపకముందు ఉన్న గొంతంతా ఎడిటింగ్‌లో తీసేద్దామనుకున్నా.

ఎడిటింగ్_టేబుల్ | శనివారం ఉదయం 9:44

తియ్యకండి!!!

సౌండ్_సత్తి | శనివారం ఉదయం 9:46

తియ్యకండి. ఆవిడకొక కాలర్ మైకు పెట్టి వంటింట్లోనే ఉంచండి. కుక్కర్ విజిల్ వచ్చినా పర్లేదు.

నాటకాల_మాస్టారు | శనివారం ఉదయం 10:02

హాస్యగాణ్ణి పక్కింటికి పంపి బుర్రకథ చెప్పించావు తల్లీ.

గాజువాక_గౌరి | శనివారం మధ్యాహ్నం 2:30

అందరూ సినిమా గురించే మాట్లాడుతున్నారు, ఆ పెద్దాయన గురించి ఒక్కరూ అడగలేదు. నేను నర్సుని. పోయిన తమ్ముడి పేరు పెట్టి పిలిచాడంటే ఆ నిమిషంలో ఆయనకి అది నటన కాదు. టేకు అయ్యాక ఏం చేసారు? మంచినీళ్ళిచ్చారా, లేక "సూపర్ నాన్నా వన్ మోర్" అన్నారా? కోపంగా అడగట్లేదు సుజీ, హుద్‌హుద్ రాత్రి నేను డ్యూటీలో ఉన్నా, జనరేటర్ ఎంతసేపు నడుస్తుందో తెలీదు, వార్డులో కిటికీ అద్దాలు పగిలితే పరుపులు అడ్డం పెట్టాం. ఇప్పటికీ గాలి ఈల వేసినట్టు వస్తే నాకు పరుపు బరువు చేతుల్లోకొస్తుంది. నన్నెవరైనా మళ్ళీ చేసి చూపించమంటే చేస్తానేమో, కానీ ఆపమన్నప్పుడు ఆపేస్తారని ముందు తెలియాలి.

ఆరిలోవ_సుజి | శనివారం సాయంత్రం 6:10

గౌరి అక్కా, నిజం చెప్తున్నా, "వన్ మోర్" అన్నా. అయిదో టేకు కూడా తీసా. అందులో ఏమీ లేదు, నాలుగో దాన్ని నాన్న కాపీ కొడుతున్నాడు, అదే మాట, అదే చెయ్యి, నెత్తి మీద పెట్టడం కూడా మెత్తగా, మర్యాదగా. అప్పుడర్థమైంది ఎక్కువ అడిగానని. ఆ రోజు రాత్రి అన్నం సరిగ్గా తినలేదు.

ఇవాళ కూచుని మాట్లాడా. మెడలో తువ్వాలు ఉంటుంది కదా ఎప్పుడూ, అది తీసి భుజం మీద వేసుకుంటే ఆపెయ్యాలి, ఎందుకని అడగకూడదు, కెమెరా వెంటనే కిందకి దించాలి అని ఒప్పందం. నాన్న నవ్వి "యూనియన్ పెట్టానేటి" అన్నాడు. డాక్‌లో కాంట్రాక్టు వెల్డరుగా ముప్ఫై ఏళ్ళు చేసాడు లెండి, ఒప్పందమంటే ఆయనకి బాగా తెలుసు. పనిలో పని రోజుకింత అని కూలి కూడా అడిగాడు, అత్త కొడుక్కి ఇచ్చి నాకు ఇవ్వవేటని. ఇచ్చా.

కంచరపాలెం_కాకా | శనివారం రాత్రి 8:55

కూలి ఇవ్వడం మంచి పని చేసావు. మా పేట పేరుతో 2018లో సినిమా వచ్చింది కదా 'కేరాఫ్ కంచరపాలెం', 80 మందికి పైగా మా వీధుల వాళ్ళే వేసారు, అంతకుముందు కెమెరా మొహం చూడనివాళ్ళు. అది కథా సినిమా, డాక్యుమెంటరీ కాదు, కానీ ఊరివాళ్ళే ఊరిని వేస్తే ఎలా ఉంటుందో వైజాగ్ వాడికి ఎవడూ పాఠం చెప్పక్కర్లేదు. రోడ్డు మీద నడిచేవాడు రోడ్డు మీద నడిచేవాడి లాగే నడిచాడు, అదే కదా గొప్ప. టీ కొట్టు దగ్గర ఇప్పటికీ "ఆ సీనులో నేనే" అని చెప్పేవాళ్ళు తగుల్తారు, అందులో సగం మంది నిజంగా ఉన్నారో లేదో నాకు అనుమానమే.

ఇంకోటి, గాలాగినప్పుడు వీధిలోకి అందరూ వచ్చారన్నావు చూడు, అది తీసావా? అది వీధి మొత్తం చేత చేయించు. మాకూ అలాగే జరిగింది, అందరం బయటికొచ్చి ఎవరి చెట్టు పడిందో చూసుకుంటున్నాం, ఒకాయన తీరిగ్గా స్కూటర్ మీద పడ్డ కొమ్మ నరుకుతున్నాడు, ఉన్నట్టుండి కుక్కలన్నీ లోపలికి దూరిపోయాయి. ఆ తర్వాతే గాలి.

పైనుంచి తీద్దామని డ్రోన్ మాత్రం ఎగరేయకు. నేవీ ఉన్న ఊరు మనది, పర్మిషన్ లేకుండా లేపితే సినిమా సంగతి తర్వాత, ముందు స్టేషన్‌కెళ్ళాలి.

బీచ్‌రోడ్_బాబు | శనివారం రాత్రి 9:30

కుక్కల చేత కూడా రీక్రియేషన్ చేయించాలా కాకా 😂

సరే అక్కా, సీరియస్‌గానే అడుగుతున్నా. వెనక తలుపు హుద్‌హుద్‌లో నిలబడిందా, ఊడిపోయిందా? ఎందుకంటే మాకు ఎంవీపీ కాలనీలో రెండు తలుపులు పోయాయి, ఆ నెలలో వడ్రంగి దొరకడమే గగనం, దొరికినవాడు తలుపు తిరగేసి బిగించి పోయాడు, ఇప్పటికీ మా అమ్మమ్మ బాత్‌రూమ్ తలుపు తప్పు వైపు నుంచి లాగుద్ది. మీ నాన్న తప్పు చేస్తున్నాడా, తలుపు తప్పు చేస్తోందా?

ఆరిలోవ_సుజి | శనివారం రాత్రి 9:33

ఆగండి.

ఆరిలోవ_సుజి | శనివారం రాత్రి 10:20

అమ్మని లేపి అడిగా.

వెనక తలుపు మార్చారు. ద్వారబంధంతో సహా. సాయంత్రానికి కింది బందు ఊడిపోయిందట, తుఫాను తర్వాత రెండు నెలలు గోనె పట్టా కట్టుకుని ఉన్నారు. కొత్తది పెట్టేటప్పుడు పక్కనే బాత్‌రూమ్ కట్టించారు కాబట్టి దానికి తగలకుండా బందులు అటు వైపు వేయించారు. అంటే అప్పుడు గెడ ఉన్న వైపే ఇప్పుడు బందులున్నాయి. నాన్న చెయ్యి సరిగ్గా పాత గెడ దగ్గరకే వెళ్తోంది. పన్నెండు టేకుల్లో పన్నెండు సార్లు. పదేళ్ళుగా రోజూ ఆ కొత్త తలుపే తీస్తున్నాడు, మామూలుగా తీసేటప్పుడు ఒక్కసారి కూడా తప్పు వైపు చెయ్యి పెట్టడు, వీపు ఆనించి నిలబడితే మాత్రం చెయ్యి పాత వైపుకి పోతోంది.

నేను "నాన్నా అటు కాదు, ఇటు" అని ఎన్నిసార్లు అన్నానో. పాపం "అవునా, సర్లే" అనేవాడు.

గాజువాక_గౌరి | శనివారం రాత్రి 10:31

చదువుతుంటే చేతుల మీద వెంట్రుకలు నిలబడ్డాయి.

నాటకాల_మాస్టారు | శనివారం రాత్రి 10:48

స్టేజీ మీద లేని తలుపు తెరవడం కుర్రాళ్ళకి నేర్పేటప్పుడు నేనొకటే చెప్పేవాణ్ణి, తలుపుని చూడకురా, గెడ బరువు గుర్తు తెచ్చుకో, చెయ్యి అదే ఆగుతుంది అని. మీ నాన్నకి ఎవరూ చెప్పలేదు.

బాబూ, నీ వెటకారం వెనక ఇంత బుర్ర ఉందనుకోలేదయ్యా.

బీచ్‌రోడ్_బాబు | శనివారం రాత్రి 10:50

మాస్టారూ స్క్రీన్‌షాట్ తీసుకున్నా, మా ఇంట్లో చూపిస్తా.

ఎడిటింగ్_టేబుల్ | ఆదివారం ఉదయం 8:40

సుజి గారూ, మీరు "అటు కాదు ఇటు" అని తిట్టినవన్నీ కూడా ఆడియోలో ఉన్నాయా? ఉంటే అదే సినిమా. కూతురు కెమెరా వెనక నుంచి తండ్రిని సరిదిద్దుతూ ఉంటుంది, తప్పు కూతురిది. చూసేవాడు కూడా మీతో పాటే ఆయన మర్చిపోయాడనుకుంటాడు. తలుపు మార్చారన్న సంగతి మీ అమ్మ గొంతులోనే రావాలి, వంటింట్లోంచి, ఏదో కూర తరుగుతూ అన్నట్టు.

ఇంకో పని చెయ్యండి. ఫ్రాన్స్‌లో జాన్ రూష్ అని ఒకాయన, మనుషుల మీద పరిశోధన చేస్తూ సినిమాలు తీసేవాడు. ఆఫ్రికాలో, ఐవరీ కోస్ట్‌లో, వలస కూలీల చేత వాళ్ళ బతుకే వాళ్ళ చేత నటింపజేసి 1958లో ఒక సినిమా తీసాడు. అప్పటికి అలా వీధుల్లో తిరుగుతూ తీసేటప్పుడు బొమ్మతో పాటే మాట రికార్డు చేసే వీలు లేదు, అందుకని తీసిన బొమ్మ వాళ్ళకే చూపించి, చూస్తూ నోటికొచ్చింది మాట్లాడమన్నాడు, ఆ మాటలే సినిమాకి గొంతు. తర్వాత 1961లో ఎడ్గార్ మొరాన్ అనే ఆయనతో కలిసి పారిస్‌లో తీసిన 'క్రానికల్ ఆఫ్ ఎ సమ్మర్' చివర్లో, సినిమాలో ఉన్నవాళ్ళందరికీ సినిమా వేసి చూపించి, ఎవరు నిజంగా మాట్లాడారు ఎవరు నటించారు అని వాళ్ళలో వాళ్ళు దెబ్బలాడుకోవడం కూడా తీసాడు. నిజంగా మనసు విప్పినవాళ్ళని "అతి చేసారు" అన్నారు కొందరు.

మీ నాన్నకీ అమ్మకీ ఫుటేజీ వేసి చూపించండి. మాట్లాడనివ్వండి. కుర్చీలో కూచోబెట్టి అడిగితే రాని మాట, తనని తాను చూసుకుంటున్నప్పుడు రావచ్చు.

సౌండ్_సత్తి | ఆదివారం ఉదయం 9:15

గాలి సౌండ్ ఏం చేస్తున్నారు? నెట్‌లో దొరికే తుఫాను ఎఫెక్టులు మాత్రం వెయ్యొద్దు, అన్నీ ఎక్కడివో అట్లాంటిక్ గాలులు 😀 రేకు మోత ఉండదు వాటిలో. మన గాలికి సిమెంటు రేకు టపటపలాడే శబ్దం, మధ్యలో ఎక్కడో కొబ్బరి మట్ట గోడకి రాసుకునే శబ్దం.

ఆరిలోవ_సుజి | ఆదివారం ఉదయం 11:00

మా బావ పాత ఫోన్‌లో ఆ రోజు పొద్దున్న తీసిన 14 సెకన్ల వీడియో ఒకటుంది, తర్వాత చార్జింగ్ అయిపోయి ఫోన్లన్నీ చచ్చిపోయాయి. బొమ్మంతా తెల్లగా ఉంది, సౌండ్ పూర్తిగా పగిలిపోయింది, గాలో ఇసుక లారీయో తెలీదు. చివర్లో మాత్రం చిన్నాన్న గొంతు, "ఒలే, కొవ్వొత్తెక్కడెట్టావే" అని. పిన్నిని అడుగుతున్నాడు.

సౌండ్_సత్తి | ఆదివారం ఉదయం 11:08

శుభ్రం చెయ్యకు. నాయిస్ రిడక్షన్ జోలికే పోకు. సినిమా మొత్తంలో ఒక్కసారే వాడు. మిగతా అంతా నిశ్శబ్దం, మీ నాన్న గాలి లేని ఇంట్లో తలుపు తోస్తుంటే ఫ్యాన్ తిరిగే చప్పుడు వినపడాలి.

కంచరపాలెం_కాకా | ఆదివారం మధ్యాహ్నం 1:20

పాత తలుపు ఏమైంది? మనవాళ్ళు కలప పారెయ్యరు.

ఆరిలోవ_సుజి | ఆదివారం మధ్యాహ్నం 1:45

కాకా మీరు మనిషి కాదు. పిన్నికి ఫోన్ చేసా. పెందుర్తిలో వాళ్ళ పెరట్లో కోళ్ళ గూటి మీద కప్పుగా వేసుందట! చిన్నాన్న పట్టుకెళ్ళాడట అప్పట్లో. గెడ కూడా దానికే ఉందట. ఆదివారం కదా, టాటా ఏస్ మాట్లాడి తెచ్చేస్తున్నాం.

ఎడిటింగ్_టేబుల్ | ఆదివారం మధ్యాహ్నం 1:50

తెండి కానీ దాన్ని బిగించి మళ్ళీ సీను తియ్యొద్దు దయచేసి. ఉన్న గెడని పట్టుకునే చెయ్యి మామూలు చెయ్యి. లేని గెడని వెతికే చెయ్యి మీ దగ్గర ఆల్రెడీ ఉంది.

నాటకాల_మాస్టారు | ఆదివారం మధ్యాహ్నం 2:15

నేను ఒప్పుకోను. వస్తువు ఎదురుగా పెడితే మనిషిలో ఇంకోటి లేస్తుంది. బిగించొద్దు, సరే. గోడకి ఆనించి ఊరుకోండి. ఆయన్ని ఏమీ చెయ్యమనొద్దు.

మోడరేటర్ | ఆదివారం మధ్యాహ్నం 3:00

చర్చ బాగుంది. టాటా ఏస్ డ్రైవర్ నంబర్ అడుగుతూ ముగ్గురు పోస్టులు పెట్టారు, తీసేసాం. ఫోన్ నంబర్లు ఇక్కడ వద్దు.

ఎడిటింగ్_టేబుల్ | ఆదివారం మధ్యాహ్నం 3:30

ఈలోపు సుజి గారికి ఒక ముక్క, తర్వాత మర్చిపోతా. డాక్యుమెంటరీయే కదా అని సెన్సార్ అక్కర్లేదనుకోకండి, టిక్కెట్టు పెట్టి హాల్లో వెయ్యాలంటే దానికీ సర్టిఫికెట్ కావాలి. ఫెస్టివల్స్‌కైతే కేంద్ర సమాచార ప్రసార శాఖ మినహాయింపు ఇస్తుంది, ఆ సంగతి ఫెస్టివల్ వాళ్ళే చూసుకుంటారు. ముంబైలో రెండేళ్ళకోసారి జరిగే మిఫ్ (ముంబై అంతర్జాతీయ ఫిల్మ్ ఫెస్టివల్), తిరువనంతపురంలో కేరళ వాళ్ళ డాక్యుమెంటరీ పండగ, రెండిటికీ పంపండి. దరఖాస్తులో ఏ కేటగిరీ అని అడిగితే డాక్యుమెంటరీ అనే టిక్కు పెట్టండి, కింద రెండు లైన్లలో ఎలా తీసారో ఉన్నదున్నట్టు రాయండి.

కంచరపాలెం_కాకా | ఆదివారం సాయంత్రం 4:10

ముందు మీ వీధిలో దుప్పటి కట్టి వెయ్యమ్మా. ముంబై తర్వాత.

ఆరిలోవ_సుజి | ఆదివారం రాత్రి 10:55

వచ్చింది తలుపు.

మాస్టారు చెప్పినట్టే గోడకి ఆనించాం. ఒక వైపంతా కోళ్ళ రెట్టలు, అమ్మ చీపురు తీసుకుని గోకడం మొదలెట్టింది. నాన్న బజారు నుంచి వచ్చి, చెప్పులు విప్పుతూ చూసాడు. ఏమీ అనలేదు. దగ్గరకెళ్ళి గొంతుక్కూచుని గెడ పట్టుకుని పైకీ కిందకీ ఆడించాడు, తుప్పు పట్టి సగమే కదిలింది. నేను అప్పటిదాకా ఆ గెడ నాన్న చేసిందే అనుకున్నా, వెల్డరు కదా, లావుపాటి ఇనప ఊచ వంచి చేసింది, బజార్లో కొన్నది కాదు. నాన్న బొటనవేలితో అతుకు మీద రాస్తూ "ఇది సూడు ఎంత వంకరో. నాను ఏసింది కాదిది. సిన్నోడు ఏసాడు, అప్పుడే నేర్సుకుంటన్నాడు. ఇలాటి అతుకేస్తే డాకులోకి రానియ్యర్రా అని తిట్టాను" అన్నాడు.

కాసేపాగి "నిలబడ్డాదిలే. బందూడిపోనాది గానీ గెడ ఊడలేదు" అన్నాడు.

వంటింట్లోంచి అమ్మ "ఆ మాట ఆడికి ఒక్కసారైనా సెప్పావా" అంది.

నాన్న తువ్వాలు తీసి భుజం మీద వేసుకున్నాడు.

కెమెరా దించుదామంటే అసలు కెమెరా ఎత్తలేదు. బ్యాటరీలు రెండూ చార్జింగ్‌లో ఉన్నాయి.

సౌండ్_సత్తి | ఆదివారం రాత్రి 11:01

అమ్మ మైకు?

ఆరిలోవ_సుజి | ఆదివారం రాత్రి 11:03

అదీ ఆఫ్.

ఎడిటింగ్_టేబుల్ | ఆదివారం రాత్రి 11:10

అయ్యో. సరే, ఏం పర్లేదు. మీరిప్పుడు ఇక్కడ రాసింది ఉంది కదా, మీ గొంతుతో చదవండి, నల్ల తెర మీద.

గాజువాక_గౌరి | ఆదివారం రాత్రి 11:15

తువ్వాలు వేసుకున్నాడుగా. అక్కడితో వదిలెయ్యి సుజీ.

నాటకాల_మాస్టారు | ఆదివారం రాత్రి 11:22

గౌరమ్మ మాటే నా మాట కూడా. కానీ ఆయన్నే అడుగు, మనమెవరం తేల్చడానికి.

ఆరిలోవ_సుజి | సోమవారం ఉదయం 6:50

పొద్దున్న టీ తాగుతుంటే అడిగా, నిన్నటిది మళ్ళీ చెప్తావా, కెమెరా ముందు, నీకిష్టమైతేనే అని. కాసేపు గ్లాసులోకి చూసి "అయిదో టేకులా ఉంటాదేమో" అన్నాడు. ఆ అయిదో టేకు బాలేదని నేనెప్పుడూ ఆయనకి చెప్పలేదు.

తర్వాత ఆయనే "ఆదివారం సూద్దాం. ఈలోపు ఆ గెడకి కాసింత నూనెయ్యి. కూలి మాత్రం సగం కాదు, పూర్తిగా ఇవ్వాలి" అన్నాడు.

బీచ్‌రోడ్_బాబు | సోమవారం ఉదయం 6:58

శనివారం రాత్రే చార్జింగ్ పెట్టుకో అక్కా.